మాంసం, రాజ్మా గింజలతో ఘాటైన చిల్లీ: ఇంట్లో వండుకునే సమగ్ర పద్ధతి

అమెరికాలోని టెక్సస్ ప్రాంతంలో స్థిరపడి, అక్కడి నుంచి దేశమంతా పాకిన చిల్లీ కాన్ కార్నే పైకి చాలా సాదా వంటకంలా కనిపిస్తుంది. మాంసం, ఎండుమిరపకాయలు, ఉల్లిపాయ, వెల్లుల్లి, జీలకర్ర, చాలా ఇళ్లలో టమాటా, గింజలు ఇష్టమైనవారికి రాజ్మా. వీటన్నిటినీ ఒకే గిన్నెలో చిక్కగా ఉడికించడమే అందులోని పని. అయితే అన్నిటినీ ఒకేసారి గిన్నెలో వేసి పొయ్యి మీద పెడితే చివరకు మిగిలేది చిల్లీ కాదు, ఎర్రటి పులుసు. మిరపకాయకు, మాంసానికి, గింజలకు ఉడికే లెక్కలు వేర్వేరు కనుక, ఒక్కొక్కదాన్ని దానికి తగిన రీతిలో విడిగా సిద్ధం చేసుకొని, ఆ తరువాత సరైన వరుసలో కలపాలి. ఇక్కడ చెప్పబోయే పద్ధతి అంతా ఆ ఒక్క సూత్రం మీదనే నడుస్తుంది.

గింజలు వేయాలా వద్దా అన్న వాదం ఈ వంటకంతో పాటే ఉంది. 1880ల నుంచి 1930ల చివరి వరకు సాన్ ఆంటోనియో నగరపు కూడళ్లలో సాయంత్రం వేళ బల్లలు వేసి చిల్లీ అమ్మిన స్త్రీలను ‘చిల్లీ రాణులు’ అని పిలిచేవారు. 1893లో షికాగోలో జరిగిన ప్రపంచ ప్రదర్శనలో సాన్ ఆంటోనియో పేరుతో ఒక చిల్లీ దుకాణం వెలిసిన తరువాత ఈ రుచి ఇతర రాష్ట్రాల వారికి పరిచయమైంది. టెక్సస్ శాసనసభ 1977లో దీన్ని రాష్ట్ర వంటకంగా ప్రకటించింది. అక్కడి సంప్రదాయవాదులు గిన్నెలో గింజ కనిపిస్తే దాన్ని చిల్లీగానే ఒప్పుకోరు. 1967లో టెర్లింగ్వా గ్రామంలో మొదలైన వంట పోటీల సంప్రదాయంలోనూ గింజలకు చోటు లేదు. ఇంటి వంటకు ఆ నియమాలతో పని లేదు. బాగా ఉడికిన రాజ్మా గింజ మిరప రసాన్ని పీల్చుకొని, ఘాటును కొంత మెత్తబరచి, కొద్దిపాటి మాంసంతోనే కడుపు నింపుతుంది. పోటీకి వండేవారు గింజలు మానేయవచ్చు. రాత్రి భోజనానికి వండేవారు మాత్రం తప్పక వేయాలని నా అభిప్రాయం.

సామగ్రి, కొలతలు

ఇక్కడి కొలతలు ఆరు నుంచి ఎనిమిది మందికి సరిపోతాయి. గింజలను ముందు రోజు రాత్రే నానబెట్టాలి. వండే రోజున మొత్తం నాలుగు గంటలు పడుతుంది కానీ, చేతితో చేసే పని అందులో గంటకు మించదు.

మాంసం: ఎముక తీసిన బీఫ్ భుజం భాగం 1 కిలో. ఇది దొరకనివారు, తిననివారు పోర్క్ భుజం గాని మటన్ గాని వాడుకోవచ్చు, పద్ధతి మారదు.

గింజలు: ఎండు రాజ్మా 250 గ్రాములు. ఉడికిన తరువాత ఇవి సుమారు 600 గ్రాములు అవుతాయి.

మిరపకాయలు: ఎండు ఆంచో 4, ఎండు గ్వాహీయో 4, ఎండు ఆర్బోల్ 2 నుంచి 4, అడోబో అనే పుల్లటి మిరప రసంలో ఊరిన చిపోట్లే 1, పచ్చి హలపేన్యో 2.

తాలింపుకూ రసానికీ: పెద్ద ఉల్లిపాయలు 2, వెల్లుల్లి రెబ్బలు 8, నూనె 3 టేబుల్ స్పూన్లు, టమాటా పేస్టు 2 టేబుల్ స్పూన్లు, నలిపిన టమాటాలు 400 గ్రాములు, ఉప్పు వేయని మాంసపు స్టాక్ (మాంసం, ఎముకలు ఉడికించి వడకట్టిన నీరు) 1 లీటరు.

సుగంధ ద్రవ్యాలు: జీలకర్ర 1 టేబుల్ స్పూన్, ధనియాలు 1 టీ స్పూన్, ఎండు మెక్సికన్ ఓరెగానో 2 టీ స్పూన్లు.

చివర్లో కలిపేవి: మాసా హరీనా అనే మొక్కజొన్న పిండి 2 టేబుల్ స్పూన్లు, తీపి లేని కోకో పొడి 1 టీ స్పూన్, బ్రౌన్ షుగర్ 1 టీ స్పూన్, నిమ్మరసం 1 టేబుల్ స్పూన్, తగినంత ఉప్పు.

ఈ జాబితాలో కోకో పొడి లేకపోయినా వంట ఆగదు. జీలకర్ర, ఓరెగానో లేకపోతే మాత్రం చిల్లీకి దాని వాసన రాదు. మెక్సికన్ ఓరెగానో, మధ్యధరా ప్రాంతపు ఓరెగానో ఒకే కుటుంబానికి చెందిన మొక్కలు కావు. మొదటిదాంట్లో నిమ్మ తొక్కను తలపించే వాసన ఉంటుంది. అది దొరకనప్పుడు రెండోదాన్ని కొంచెం తగ్గించి వాడుకోవచ్చు.

మిరప ముద్ద

అమెరికా దుకాణాల్లో ‘చిల్లీ పౌడర్’ పేరుతో అమ్మేది కేవలం కారం కాదు. అందులో ఎండుమిర్చి పొడితో పాటు జీలకర్ర, ఓరెగానో, వెల్లుల్లి పొడి, ఒక్కోసారి ఉప్పు కూడా కలిసి ఉంటాయి. 1890ల దశకంలో టెక్సస్‌లోని న్యూ బ్రాన్‌ఫెల్స్ పట్టణంలో విలియం గెబ్‌హార్ట్ అనే వలసదారుడు ఎండుమిర్చిని పొడి చేసి అమ్మడం మొదలుపెట్టిన నాటి నుంచి ఈ పొడులు ఇంటింటికీ చేరాయి. కనుక ఏదైనా అమెరికన్ వంట విధానంలో మూడు టేబుల్ స్పూన్ల చిల్లీ పౌడర్ అని చదివి, అంత మోతాదులో అచ్చమైన కారం వేస్తే నోట పెట్టలేము. పొడితో పని సులువే అయినా, డబ్బాలో నెలల తరబడి ఉన్న పొడిలో ఘాటు నిలుస్తుంది గాని సువాసన నిలవదు. నిండు మిరపకాయలను వేయించి, నానబెట్టి, రుబ్బుకోవడానికి పట్టే నలభై నిమిషాలు ఈ వంటలో అన్నిటికంటే ఎక్కువ ఫలితమిచ్చే సమయం.

నాలుగు రకాల మిరపకాయలు ఎందుకన్న ప్రశ్న సహజమే. ఆంచో అంటే పండి ఎండిన పొబ్లానో మిరప. ముదురు రంగులో, వెడల్పుగా, ఎండు ద్రాక్షను గుర్తుచేసే తీపి వాసనతో ఉంటుంది, కారం చాలా తక్కువ. రసానికి చిక్కదనాన్ని ఇచ్చేది ఇదే. గ్వాహీయో సన్నగా, నున్నగా ఉండి మంచి ఎరుపును, కొంచెం పులుపును ఇస్తుంది. చిపోట్లే అంటే పొగబెట్టి ఎండించిన హలపేన్యో, కనుక ఒక్క కాయతోనే గిన్నె అంతటికీ పొగ వాసన వస్తుంది. ఇక నిజమైన మంట కోసం ఉన్నది ఆర్బోల్. కారాన్ని కొలవడానికి 1912లో విల్బర్ స్కోవిల్ ప్రతిపాదించిన కొలమానం ప్రకారం ఆంచో వెయ్యి, రెండు వేల మధ్యలో ఉంటే, ఆర్బోల్ 15,000 నుంచి 30,000 దాకా ఉంటుంది. అంటే రుచికి, రంగుకు ఒక రకం కాయలు, మంటకు మరో రకం కాయలు వేరువేరుగా మన చేతిలో ఉన్నట్టే. కారం పెంచాలన్నా తగ్గించాలన్నా ఆర్బోల్ సంఖ్యను మాత్రమే మార్చాలి; ఆంచో, గ్వాహీయోలను తగ్గిస్తే రసం పలచబడి రుచి కూడా పోతుంది. ఈ రకాలు దొరకని చోట, రంగు ఎక్కువ, కారం తక్కువ ఉన్న పెద్ద ఎండుమిర్చిని ఎక్కువ మోతాదులో, కారం గల చిన్న ఎండుమిర్చిని రెండు మూడు కాయలుగా వాడితే ఇదే సమతూకం దాదాపుగా సాధించవచ్చు.

ముందుగా కాయలను తడి గుడ్డతో తుడిచి, తొడిమలు తీసి, నిలువుగా చీల్చి గింజలను దులపాలి. కారం గింజల్లో ఉంటుందని చాలామంది అనుకుంటారు. నిజానికి కాప్సైసిన్ అనే ఘాటు పదార్థం గింజలు అంటుకొని ఉండే లోపలి తెల్లటి పొరలో తయారవుతుంది. ఆ పొరను గీరి తీసేస్తే కారం బాగా తగ్గుతుంది. గింజలను తీసేయమనడానికి కారణం కారం కాదు. అవి ముద్దను గరుకుగా, కొంచెం చేదుగా చేస్తాయి. ఈ పనికి చేతి తొడుగులు వేసుకోవడం మంచిది. కాప్సైసిన్ నీటిలో సరిగా కరగదు కనుక, చేతులకు అంటితే మొదట కొంచెం నూనె రుద్ది, ఆ తరువాత సబ్బుతో కడుక్కోవాలి.

నూనె లేని పెనాన్ని మధ్యస్థమైన సెగ మీద వేడి చేసి, కాయలను రెండు మూడు చొప్పున పరిచి, గరిటెతో పెనానికి ఒత్తి పట్టుకోవాలి. పదిహేను ఇరవై సెకన్లలో ఆంచో కాయ ముడతలు సడలి, మెత్తటి తోలులా వంగుతుంది. లోపలి వైపు రంగు ఒక ఛాయ తేలికై, వేయించిన గింజల వాసన వంటగదిలోకి పాకుతుంది. వెంటనే తిప్పి, రెండో వైపు కూడా అంతే సేపు ఉంచి దించేయాలి. పొగ లేచిందంటే ఆలస్యమైనట్టే. ఒక్క కాయ మాడినా దాని చేదు గిన్నె అంతా ఎక్కుతుంది, తీపి గాని పులుపు గాని ఆ చేదును కప్పలేవు. అలాంటి కాయను పారేసి ఇంకొకటి వేయించుకోవడమే సరైన పని. ఆర్బోల్ కాయలు సన్నవి కావడంతో వాటికి పది సెకన్లే చాలు. వేయించేటప్పుడు కిటికీలు తెరిచి ఉంచకపోతే ఇంట్లో అందరికీ దగ్గు తప్పదు.

వేయించిన కాయలు మునిగేలా వేడినీళ్లు పోసి, పైన ఒక పళ్లెం బోర్లించి అరగంట నానబెట్టాలి. ఆ తరువాత కాయలను తీసి, చిపోట్లేతో, 250 మిల్లీలీటర్ల స్టాక్‌తో కలిపి మిక్సీలో వెన్నలా రుబ్బాలి. నానిన నీటిని నాలుక మీద వేసుకొని చూస్తే, అది చేదుగా ఉందో లేదో తెలుస్తుంది. చేదు లేకపోతే స్టాక్‌లో సగం బదులు దాన్నే వాడవచ్చు, ఉంటే పారబోయాలి. గ్వాహీయో తొక్క గట్టిది కనుక ముద్దను జల్లెడలో వేసి గరిటెతో ఒత్తి వడకడితే, పంటికి తగిలే తొక్కలన్నీ పైన మిగిలిపోతాయి.

గింజలను విడిగా ఉడికించడం

ఎండు రాజ్మా విషయంలో రుచి కంటే ముందు చెప్పాల్సింది ఆరోగ్యానికి సంబంధించిన మాట. పచ్చి రాజ్మాలో ఫైటోహిమాగ్లూటినిన్ అనే లెక్టిన్ (ఒక రకం విష మాంసకృత్తు) ఎక్కువ మోతాదులో ఉంటుంది. సరిగా ఉడకని గింజలు నాలుగైదు తిన్నా కొన్ని గంటల్లోనే వాంతులు, విరేచనాలు పట్టుకోవచ్చు. గింజలను కనీసం ఐదు గంటలు నానబెట్టి, ఆ నీటిని పారబోసి, కొత్త నీటిలో తెర్లే మరుగు మీద ఉడికిస్తే ఈ విషం నశిస్తుంది. పది నిమిషాల మరుగు దానికి సరిపోయినా, అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ జాగ్రత్త కోసం అరగంట మరిగించమంటుంది. ఇక్కడ సన్నని సెగ పనికిరాదు. పచ్చి గింజలను నేరుగా స్లో కుక్కర్‌లో వేస్తే, గింజ మెత్తబడినా అక్కడి వేడి లెక్టిన్‌ను నాశనం చేసేంత పెరగకపోవచ్చు; పైగా 80 డిగ్రీల దగ్గర సగం ఉడికిన గింజలో విష ప్రభావం పచ్చి గింజలో కంటే ఎక్కువగా ఉండవచ్చు. స్లో కుక్కర్ వాడదలచినవారు ముందుగా పొయ్యి మీద గింజలను పూర్తిగా ఉడికించి తీరాలి. డబ్బాలో వచ్చే రాజ్మా ముందే పూర్తిగా ఉడికినది కనుక దానితో ఈ భయం లేదు. 400 గ్రాముల డబ్బాలు రెండు తీసుకొని, నీరు వంపి, ఒకసారి కడిగి వాడుకోవచ్చు.

నానబెట్టే నీటిలో ఉప్పు వేయాలి. ఉప్పు వేస్తే గింజ గట్టిపడుతుందన్న మాట చాలాకాలంగా చెలామణిలో ఉంది కానీ, జరిగేది దానికి విరుద్ధం. గింజ తొక్కలో కణాలను అతికించి ఉంచే పెక్టిన్ అనే పదార్థాన్ని బిగించి పట్టుకొనేది కాల్షియం, మెగ్నీషియం అయాన్లు. ఉప్పునీటిలోని సోడియం వాటిలో కొన్నింటి స్థానాన్ని ఆక్రమించడంతో తొక్క మెత్తబడి, ఉడికేటప్పుడు పగలకుండా ఉంటుంది. లీటరు నీటికి 15 గ్రాముల ఉప్పు కలిపి, ఎనిమిది నుంచి పన్నెండు గంటలు నానబెట్టి, వంపి, కడిగి, కొత్త నీరు పోసి మరిగించాలి. అరగంట మరిగిన తరువాత సెగ తగ్గించి, గింజ వేళ్ల మధ్య నలిగేదాకా, అంటే మరో ముప్పావు గంట నుంచి గంటన్నర వరకు ఉడికించాలి. పాత గింజలకు ఇంకా ఎక్కువ సేపు పట్టవచ్చు. ప్రెషర్ కుక్కర్‌లోనైతే నానిన గింజలకు ఆవిరి నిండిన దగ్గరి నుంచి పదిహేను నిమిషాలు చాలు.

గింజలను మొదటి నుంచే మిరప రసంలో వేసి ఉడికిస్తే పని తగ్గుతుంది కదా అనిపించవచ్చు. టమాటాలోని ఆమ్లం గింజ కణాలను అంటిపెట్టుకొని ఉంచే పెక్టిన్‌ను కరగనివ్వదు కనుక, అలా వేసిన గింజలు రెండు గంటలు గడిచినా నడుమ గట్టిగానే మిగులుతాయి. మాంసం మెత్తబడి విడిపోయే వేళకు గింజ ఇంకా పంటికి తగులుతూ ఉంటుంది. గింజలు ఉడికిన నీటిని మాత్రం పారబోయకుండా ఒక కప్పు ఉంచుకోవాలి. చివర్లో రసం మరీ బిగిస్తే అదే అక్కరకు వస్తుంది.

మాంసం

ఖీమాతో చేసే చిల్లీ త్వరగా అవుతుంది, చవకగా కూడా అవుతుంది. అయినా ముక్కలుగా కోసిన మాంసానికే నా ఓటు. ఖీమా గంటలోపే ఉడికి రసంలో కలిసిపోతుంది గాని, నమలడానికి ఏమీ మిగలదు. భుజం భాగంలో కండరాల మధ్య కొలాజెన్ పొరలు ఎక్కువ. సన్నని సెగ మీద గంటల తరబడి ఉడికినప్పుడు అవి జెలటిన్‌గా మారి ముక్కను మెత్తబరచడమే కాక, రసానికి పెదవులకు అంటే చిక్కదనాన్ని కూడా తెస్తాయి. కొవ్వు, పొరలు లేని లేత భాగాలు ఖరీదైనవే అయినా ఈ వంటకు పనికిరావు, ఎండి పీచులా మారతాయి.

మాంసాన్ని రెండు సెంటీమీటర్ల ముక్కలుగా కోసి, రెండు టీ స్పూన్ల ఉప్పు పట్టించి అరగంట ఉంచాలి. ఆ తరువాత పొడి గుడ్డతో గాని కాగితపు రుమాలుతో గాని ముక్కల తడిని బాగా అద్దాలి. ఎర్రగా వేగడానికి, ఆ రుచి పుట్టడానికి కారణమైన మెయిలార్డ్ చర్య సుమారు 140 డిగ్రీల పైన గాని వేగం అందుకోదు. ముక్క మీద తడి ఉన్నంత సేపు అక్కడి వేడి 100 డిగ్రీలు దాటదు. గిన్నె నిండా ముక్కలు కుక్కితే వాటి నుంచి ఊరిన నీటిలో అవి బూడిద రంగులో ఉడుకుతాయే తప్ప వేగవు. అందుకే మందపాటి అడుగున్న పెద్ద గిన్నెలో నూనె బాగా కాగనిచ్చి, ముక్కలను మూడు విడతలుగా, ఒకదానికొకటి తగలకుండా పరచాలి. వేసిన వెంటనే కలపకూడదు. మూడు నాలుగు నిమిషాలకు అడుగు వైపు ముదురు గోధుమ రంగు పెచ్చు కట్టి, ముక్క తనంతట తానే గిన్నెను వదులుతుంది. అప్పుడు ఒక్కసారి తిప్పి, మరో రెండు నిమిషాల తరువాత పళ్లెంలోకి తీయాలి. అన్ని వైపులా ఎర్రబడాలని పట్టుబట్టనక్కరలేదు, అలా చేస్తే ముక్క ఎండిపోతుంది.

చివరి విడత తీసేసరికి గిన్నె అడుగున గోధుమ రంగు పొర అంటుకొని ఉంటుంది. రుచి అంతా అందులోనే ఉంది కనుక దాన్ని కడగకూడదు. అది నల్లగా మారే సూచన కనిపిస్తే మాత్రం రెండు విడతల నడుమ కొంచెం స్టాక్ పోసి గీకి, ఆ రసాన్ని వేగిన ముక్కల మీద పోసుకోవచ్చు.

కలిపి ఉడికించడం

అదే గిన్నెలో సన్నగా తరిగిన ఉల్లిపాయలు, హలపేన్యో ముక్కలు వేసి, చిటికెడు ఉప్పు చల్లి, మధ్యస్థమైన సెగ మీద పది నిమిషాలు వేయించాలి. ఉల్లిలోంచి ఊరే నీరు అడుగున అంటిన పొరను కరిగిస్తుంది. చెక్క గరిటెతో గీకుతూ ఉంటే గిన్నె తేటపడి, ఉల్లిపాయలు గోధుమ రంగు పులుముకుంటాయి. తరువాత నలిపిన వెల్లుల్లి వేసి ఒక నిమిషం, టమాటా పేస్టు వేసి ముదురు ఇటుక రంగు వచ్చేదాకా రెండు మూడు నిమిషాలు వేయించాలి. జీలకర్ర, ధనియాలను ముందుగానే పొడి పెనం మీద దోరగా వేయించి దంచుకొని ఉంటే, ఇప్పుడు ఆ పొడిని నూనెలో అర నిమిషం తిప్పాలి. ఈ సుగంధ ద్రవ్యాల సువాసనను మోసే పదార్థాలు నీటిలో కంటే నూనెలోనే బాగా కరుగుతాయి, కనుక రసం పోసిన తరువాత వేసిన జీలకర్ర పొడి ఎంత ఉడికినా పచ్చి వాసన వదలదు.

ఇప్పుడు మిరప ముద్ద వేయాలి. ఇది చిటపటలాడుతూ ఎగిరిపడుతుంది, అందుకని పొడవాటి గరిటెను వాడుతూ ఐదారు నిమిషాలు ఆపకుండా కలపాలి. ముద్ద రంగు ముదిరి, గరిటె గీసిన దారి గిన్నె అడుగున క్షణం సేపు నిలిచి, అంచుల వెంట ఎర్రటి నూనె తేలినప్పుడు పచ్చి వాసన పోయినట్టు లెక్క. ఈ దశను తొందరపడి ముగిస్తే చివరి దాకా ఆ లోటు తెలుస్తూనే ఉంటుంది.

వేగిన మాంసం, పళ్లెంలో చేరిన రసం, నలిపిన టమాటాలు, మిగిలిన స్టాక్, అరచేతిలో నలిపిన ఓరెగానో వేసి ఒక ఉడుకు రానిచ్చి, వెంటనే సెగను బాగా తగ్గించాలి. మూతను ఒక వేలు మందం తెరిచి ఉంచాలి. రసం పైన అక్కడొకటి ఇక్కడొకటిగా బుడగలు లేస్తూ ఉండాలి. గలగలా మరిగితే కండరపు పోగులు బిగుసుకొని నీటిని వదిలేస్తాయి, చుట్టూ రసం ఉన్నా ముక్క ఎండినట్టే ఉంటుంది. పావుగంటకు ఒకసారి అడుగు దాకా గరిటె పెట్టి కలపాలి. అంత ఓపిక లేనివారు మూతతో సహా గిన్నెను 150 డిగ్రీల ఓవెన్‌లో పెట్టవచ్చు. వేడి అన్ని వైపుల నుంచి సమానంగా తగలడంతో అడుగంటే భయం బాగా తగ్గుతుంది. ఏ పద్ధతిలోనైనా గంటన్నర నుంచి రెండు గంటలు గడిచిన తరువాత ఒక ముక్కను గరిటె అంచుతో నొక్కి చూడాలి. కొంచెం ఎదురొడ్డి ఆపైన తెగితే, గింజలు వేసే సమయం వచ్చినట్టు.

ఉడికిన రాజ్మాను వంపి గిన్నెలో వేసి, మూత తీసి, మరో అరగంట నుంచి నలభై నిమిషాలు సన్నని సెగ మీద ఉంచాలి. గింజ రసాన్ని పీల్చుకోవడానికి ఈ సమయం అవసరం, అంతకంటే ఎక్కువైతే చిట్లి పిండిగా మారుతుంది. ఆఖరి పావుగంటలో మాసా హరీనాను పావు కప్పు చల్లటి నీటిలో ఉండలు లేకుండా కలిపి సన్నని ధారగా పోస్తే, రసం చిక్కబడడంతో పాటు సున్నపు నీటిలో ఉడికిన మొక్కజొన్న వాసన కూడా వస్తుంది. మాసా లేకపోతే మైదా గాని కార్న్ ఫ్లోర్ గాని వెతకనక్కరలేదు. గరిటెడు గింజలను గిన్నె అంచుకు మెదిపి కలిపితే చాలు.

ఖీమా వాడేవారికి ఒకటి రెండు మార్పులే ఉంటాయి. ఖీమాను పొడిపొడిగా చిదపకుండా, పెద్ద ముద్దగా గిన్నెలో పరిచి, ఒక వైపు పెచ్చు కట్టాక విడదీయాలి. స్టాక్‌ను సగానికి తగ్గించి, మొత్తం మీద గంట సేపు ఉడికించాలి.

రుచి సరిచూడడం

చిల్లీ దించే ముందు రుచి చూసేటప్పుడు మంట ఒక్కదాన్నే చూస్తే మిగతా లోపాలు దొరకవు. రుచి చప్పగా ఉందనిపిస్తే మొదట ఉప్పును, తరువాత పులుపును అనుమానించాలి. గంటల తరబడి ఉడికిన రసంలో టమాటా పులుపు అణిగిపోతుంది కనుక, నిమ్మరసం కలపగానే మిరప రుచి ఒక్కసారిగా పైకి తేలుతుంది. కొంచెం చేదు తగులుతుంటే బ్రౌన్ షుగర్ దాన్ని సర్దుతుంది. కోకో పొడి అందుకు విరుద్ధంగా, తీపి ఎక్కువైన రసానికి లోతునిస్తుంది. చాక్లెట్ రుచి నాలుకకు తెలిసిందంటే మోతాదు మించినట్టే.

కారం ఎక్కువైనప్పుడు నీళ్లు పోస్తే రసం పలచబడుతుందే గాని మంట అంతగా తగ్గదు. ఉడికిన గింజలను, నలిపిన టమాటాలను ఇంకొంచెం చేర్చి పదార్థాన్ని పెంచడమే నిజమైన మార్గం. వడ్డించేటప్పుడు మీద వేసే పుల్లటి క్రీమ్, తురిమిన చీజ్ కూడా మేలు చేస్తాయి, ఎందుకంటే పాలలోని కేసీన్ అనే మాంసకృత్తు కాప్సైసిన్‌ను పట్టుకొని నాలుక నుంచి లాగేస్తుంది, కొవ్వు దాన్ని కరిగించుకుంటుంది. కారం తక్కువైనప్పుడు పచ్చి కారం పొడిని నేరుగా చల్లడం మంచిది కాదు. చెంచాడు నూనెలో అర నిమిషం వేయించి కలిపితే పచ్చి వాసన రాదు.

అడుగంటిందని వాసన వస్తే కలపకూడదు, గీకకూడదు. పై భాగాన్ని అలాగే వేరే గిన్నెలోకి వంపుకొని, మాడిన పొరను పాత గిన్నెలోనే వదిలేయాలి. మాంసం ఇంకా గట్టిగా ఉంటే అది ఎక్కువ ఉడికిందని కాదు, చాలా సందర్భాల్లో తక్కువ ఉడికిందని అర్థం. మరో అరగంట సన్నని సెగ ఇచ్చి చూడాలి.

వడ్డన, నిల్వ

దించిన వెంటనే కాకుండా ఇరవై నిమిషాలు ఆగి వడ్డిస్తే రసం కుదురుకుంటుంది. సన్నగా తరిగిన పచ్చి ఉల్లిపాయ, కొత్తిమీర, అవకాడో ముక్కలు, చెడార్ తురుము, పుల్లటి క్రీమ్ విడివిడి గిన్నెల్లో పెడితే ఎవరికి కావలసింది వారు వేసుకుంటారు. టెక్సస్‌లో దీనికి తోడుగా కార్న్ బ్రెడ్ గాని ఉప్పు బిస్కెట్లు గాని ఉంటాయి. సిన్సినాటి నగరంలో దాల్చినచెక్క, ఆల్‌స్పైస్ వేసిన పలచటి చిల్లీని స్పగెట్టి మీద పోసి చీజ్ కప్పుతారు. అది 1920లలో అక్కడికి వచ్చిన వలసదారులు రూపొందించిన వేరే సంప్రదాయం, ఈ చిల్లీకి ఆ కొలతలు సరిపడవు.

మరుసటి రోజుకు చిల్లీ రుచి పెరుగుతుందన్న మాట నిజమే, కాబట్టి విందు కోసం వండేవారు ఒక రోజు ముందే వండుకోవచ్చు. అయితే లోతైన గిన్నెలో మూత పెట్టి అలాగే పొయ్యి మీద వదిలేస్తే అది చల్లారడానికి రాత్రంతా పడుతుంది, ఆ గోరువెచ్చదనంలో సూక్ష్మజీవులు వేగంగా పెరుగుతాయి. లోతు లేని వెడల్పు పాత్రల్లోకి సర్ది, వండిన రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టాలి. తెల్లవారేసరికి కొవ్వు పైన గట్టి పొరగా పేరుకుంటుంది. దాన్ని మొత్తం తీసేస్తే మిరప రుచిలో కొంత దానితో పాటే పోతుంది కనుక, సగం తీసి సగం ఉంచడం మంచిది. ఫ్రిజ్‌లో మూడు నాలుగు రోజులు, డీప్ ఫ్రీజర్‌లో రెండు మూడు నెలలు రుచి చెడకుండా ఉంటుంది. మళ్లీ వేడి చేసేటప్పుడు, దాచి ఉంచిన గింజల నీటిని కొద్దిగా పోసి, సన్నని సెగ మీద కలుపుతూ, నడిమి భాగంలో 74 డిగ్రీలు చేరేదాకా, థర్మామీటర్ లేనివారు గిన్నె మధ్యలో బుడగలు లేచేదాకా కాచాలి. ఉప్పు, నిమ్మరసం అప్పుడు మరోసారి సరిచూసుకోవాలి. చల్లారి వేడెక్కిన చిల్లీ ఆ రెండింటినీ కొంచెం ఎక్కువే కోరుతుంది.